పాత స్ట్రాటజీ గేములను కొత్త కంప్యూటర్‌లో ఆడటం ఎలా: ఫైళ్ల సర్దుబాటు నుంచి చివరి సెట్టింగ్ దాకా

"గేమ్ తెరుచుకుంది కానీ మ్యాప్ పరుగులు తీస్తోంది", "సీడీ పెట్టమని అడుగుతోంది", "మాటలు వస్తున్నాయి, పాట రావట్లేదు". పాత స్ట్రాటజీ గేముల గురించి వచ్చే ప్రశ్నల్లో ఎక్కువ భాగం ఇవే. చాలాసార్లు తప్పు ఎమ్యులేటర్‌ది (పాత కంప్యూటర్‌ను అనుకరించే ప్రోగ్రామ్‌ది) కాదు. ముందు చేయాల్సిన పని వెనక్కి పోయి, వెనక చేయాల్సింది ముందుకొస్తుంది, అంతే. అందుకని ఈ మార్గదర్శిని పనుల వరుసలోనే రాశాను. మీ గేముకు అక్కర్లేని అంచె వస్తే దాటేయండి, వరుస మాత్రం తప్పకండి.

కమాండ్లు, ఫైల్ పేర్లు ఇక్కడ పలికినట్టే తెలుగులో రాశాను. టైప్ చేసేటప్పుడు ఇంగ్లిష్ అక్షరాల్లోనే కొట్టాలి.

## 1. మీ గేమ్ ఏ కాలానిదో ముందు తేల్చుకోండి

ఎమ్యులేటర్ డౌన్‌లోడ్ చేశాక గేమ్ సంగతి చూద్దాం అనుకుంటే మొదటికే మోసం. ముందు గేమ్ ఫోల్డర్ తెరిచి లోపల ఏమున్నాయో చూడండి.

- డాస్4జీడబ్ల్యూ డాట్ ఈఎక్స్ఈ కనిపిస్తే అది డాస్ (కమాండ్లతో నడిచే పాత ఆపరేటింగ్ సిస్టమ్) గేమ్. ఇక అనుమానం అక్కర్లేదు.
- డాట్ బ్యాట్ ఫైళ్లు, ఎనిమిది అక్షరాలు దాటని పేర్లు, సెటప్ డాట్ ఈఎక్స్ఈలో సౌండ్ కార్డుల జాబితా ఉంటే అదీ డాసే.
- ఆటోరన్ ఫైల్, డాట్ డీఎల్ఎల్ ఫైళ్లు, డైరెక్ట్ఎక్స్ పేరుతో ఒక ఫోల్డర్ ఉంటే విండోస్ 95 లేదా 98 గేమ్.
- మూలం అమీగా లాంటి హోమ్ కంప్యూటర్ అయితే దారి వేరు. వాటికి ఎఫ్ఎస్-యూఏఈ, విన్‌యూఏఈ ఉన్నాయి కానీ, ఆ యంత్రపు కిక్‌స్టార్ట్ రోమ్ ఫైల్ (యంత్రం చిప్‌లోని ప్రోగ్రామ్ కాపీ) కూడా కావాలి. దానికి కాపీరైట్ ఉంది. అదే గేమ్ డాస్‌లో కూడా వచ్చి ఉంటే డాస్ వెర్షన్ పట్టుకోండి, సగం పని తగ్గుతుంది.

కొన్ని గేములకు రెండు రూపాలూ ఉంటాయి. 1996లో వచ్చిన కమాండ్ అండ్ కాంకర్: రెడ్ అలర్ట్ డాస్‌కీ, విండోస్ 95కీ కలిపే వచ్చింది. అలాంటప్పుడు ఎమ్యులేటర్‌తో ఆడేట్టయితే డాస్ రూపమే తక్కువ ఇబ్బంది పెడుతుంది.

## 2. పనిముట్టు ఎంచుకోవడం

అభిమానులు తయారు చేసి ఉచితంగా ఇస్తున్నవి మూడు రకాలు. మూడింటినీ "ఎమ్యులేటర్" అనేస్తుంటారు గానీ, చేసే పనులు వేరు.

ఎమ్యులేటర్ పాత యంత్రాన్నే సాఫ్ట్‌వేర్‌లో నిలబెడుతుంది. ప్రాసెసర్, సౌండ్ కార్డ్, గ్రాఫిక్స్ కార్డ్ అన్నీ అందులోనే. గేమ్ తాను 1994లోనే ఉన్నాననుకుంటుంది. డాస్‌బాక్స్, డాస్‌బాక్స్ స్టేజింగ్, డాస్‌బాక్స్-ఎక్స్, 86బాక్స్ ఈ రకం.

కొత్త ఇంజన్ అంటే గేమును నడిపే ప్రోగ్రామ్‌ను మొదటి నుంచి మళ్లీ రాయడం. బొమ్మలు, శబ్దాలు, మ్యాపులు మాత్రం మీ దగ్గరున్న అసలు గేమ్ నుంచే తీసుకుంటుంది. ఓపెన్‌ఎక్స్‌కామ్, వీసీఎంఐ, ఎఫ్‌హీరోస్2, జూలియస్ ఇలాంటివి.

రాపర్ పాత విండోస్ గేముకూ కొత్త గ్రాఫిక్స్ కార్డుకూ మధ్య దుబాసీలా నిలబడుతుంది. సీఎన్‌సీ-డీడ్రా, డీజీవూడూ2 ఈ కోవలోవి.

నా లెక్క ఇది. మీ గేముకు పూర్తయిన కొత్త ఇంజన్ ఉంటే దాన్నే వాడండి. పెద్ద స్క్రీన్‌కు సరిపోతుంది, పాత బగ్గులు పోతాయి, సైకిళ్లు (వేగపు అంకె), ఐఆర్‌క్యూలు (సౌండ్ కార్డుకిచ్చే అంకె) అంటూ తల బద్దలు కొట్టుకోనక్కర్లేదు. అప్పట్లో ఆడిన గేమ్ ఉన్నది ఉన్నట్టుగా, ఆ బగ్గులతో సహా కావాలంటేనే ఎమ్యులేటర్. ఇంజన్ లేని డాస్ గేముకు డాస్‌బాక్స్ స్టేజింగ్, విండోస్ గేముకు ముందు రాపర్, అదీ కుదరకపోతే డాస్‌బాక్స్-ఎక్స్‌లో విండోస్ 98.

అసలు డాస్‌బాక్స్ సంగతేంటి అని అడుగుతారు. దాని 0.74-3 వెర్షన్ 2019 నాటిది. ఇప్పటికీ బాగానే పనిచేస్తుంది. కానీ స్క్రీన్ నిష్పత్తి, మిడి సంగీతం (స్వరాల సూచనలను బట్టి అప్పటికప్పుడు వాయించేది) లాంటివి స్టేజింగ్‌లో సిద్ధంగా వస్తాయి. కొత్తగా మొదలుపెట్టేవాళ్లు పాతదానితో కుస్తీ పట్టాల్సిన పనిలేదు.

ఏదైనా సరే, ఆ ప్రాజెక్టు సొంత సైటు నుంచే దించుకోండి. ఇవన్నీ ఉచితం. డబ్బు అడిగినా, వేరే "డౌన్‌లోడర్" వేసుకోమన్నా అది అసలుది కాదు.

## 3. గేమ్ ఫైళ్లు సిద్ధం చేసుకోవడం

ఎమ్యులేటర్ వాడటం చట్టబద్ధమే. ఎవరో ఎక్కడో పెట్టిన గేమ్ కాపీ దించుకోవడం మాత్రం వేరే సంగతి, "ఇప్పుడు అమ్మట్లేదు కదా" అన్నది అనుమతి కాదు. మీ దగ్గరున్న డిస్కులు వాడండి, లేదా గాగ్, స్టీమ్ లాంటి ఆన్‌లైన్ గేమ్ దుకాణాల్లో కొనండి. కొన్ని గేములను హక్కుదారులే ఉచితం చేశారు. ఎలక్ట్రానిక్ ఆర్ట్స్ మొదటి కమాండ్ అండ్ కాంకర్‌ను 2007లో, రెడ్ అలర్ట్‌ను 2008లో అలాగే వదిలింది.

సీడీ నుంచి తీసేవాళ్లకు: సీడీ ఇమేజ్‌ను (డిస్కు మొత్తానికి నకలైన ఫైల్‌ను) ఐఎస్‌ఓగా కాదు, క్యూ-బిన్ జతగా తీయండి. బిన్‌లో డేటా, క్యూలో ట్రాకుల జాబితా ఉంటాయి. చాలామంది దెబ్బతినేది ఇక్కడే. 90ల నాటి చాలా సీడీల్లో గేమ్ డేటా మొదటి ట్రాకులో ఉంటే, సంగీతం మామూలు ఆడియో సీడీలా తర్వాతి ట్రాకుల్లో ఉంటుంది. ఐఎస్‌ఓ మొదటి ట్రాకును మాత్రమే పట్టుకుంటుంది. గేమ్ నడుస్తుంది, తుపాకులు పేలుతాయి, పాట మాత్రం రాదు. అప్పుడు సౌండ్ సెట్టింగులు ఎన్ని మార్చినా ఉపయోగం ఉండదు.

గాగ్ నుంచి కొన్నవాళ్లకు: డాస్ గేమ్ అయితే లోపల డాస్‌బాక్స్ ఉండనే ఉంటుంది. దాన్ని పక్కన పెట్టి మీ స్టేజింగ్ వాడుకోవచ్చు. ఫోల్డర్‌లో డాట్ గాగ్ ఫైలొకటి, డాట్ ఐఎన్‌ఎస్ ఫైలొకటి కనిపిస్తే కంగారు పడకండి. మొదటిది బిన్, రెండోది క్యూ, ఊరికే పేరు మార్చారు. ఐఎన్‌ఎస్ ఫైల్‌ను నోట్‌ప్యాడ్‌లో తెరిస్తే ట్రాకుల జాబితా కనిపిస్తుంది. లినక్స్, మ్యాక్ వాళ్లు ఇన్నోఎక్స్‌ట్రాక్ట్‌తో గాగ్ ఇన్‌స్టాలర్‌ను విప్పుకోవచ్చు.

మాన్యువల్ పారేయకండి. 1991 నాటి సివిలైజేషన్, 1993 నాటి మాస్టర్ ఆఫ్ ఓరియన్ లాంటివి గేమ్ మధ్యలో మాన్యువల్ చూసి చెప్పాల్సిన ప్రశ్న అడుగుతాయి. కొనుగోలుతో వచ్చే పీడీఎఫ్ అందుకే.

మొదలుపెట్టే ముందు సరిచూసుకోండి:

- ☐ గేమ్ ఫైళ్ల ముట్టని కాపీ ఒకటి వేరే చోట ఉంది
- ☐ ఆడే కాపీ ప్రోగ్రామ్ ఫైల్స్ ఫోల్డర్‌లో లేదు
- ☐ వన్‌డ్రైవ్ లాంటి సింక్ అయ్యే ఫోల్డర్‌లోనూ లేదు
- ☐ ఫోల్డర్ పేరు ఎనిమిది ఇంగ్లిష్ అక్షరాల లోపే, మధ్యలో ఖాళీ లేకుండా ఉంది
- ☐ సీడీ గేమ్ అయితే క్యూ, బిన్ రెండూ ఒకే చోట ఉన్నాయి
- ☐ మాన్యువల్ దగ్గరుంది

రెండో, మూడో గడులు చిన్న విషయంలా కనిపిస్తాయి. ప్రోగ్రామ్ ఫైల్స్‌లో పాత గేమ్ రాసే సేవ్ ఫైల్‌ను విండోస్ వర్చువల్‌స్టోర్ అనే మరో ఫోల్డర్‌లోకి మళ్లించవచ్చు. సింక్ ఫోల్డర్ అయితే గేమ్ రాస్తున్న ఫైల్‌నే అదే క్షణంలో పట్టుకుంటుంది. "నా సేవ్‌లు మాయమయ్యాయి" అనే ఫిర్యాదుల వెనక తరచూ ఈ రెండింటిలో ఒకటి ఉంటుంది.

## 4. డాస్‌బాక్స్ స్టేజింగ్‌లో గేమ్ ఎక్కించడం

1994 నాటి ఎక్స్-కామ్: యూఎఫ్ఓ డిఫెన్స్‌నే ఉదాహరణగా తీసుకుందాం. ఇప్పటికీ అమ్ముతున్నారు, పైగా దీనికి కొత్త ఇంజన్ కూడా ఉంది కాబట్టి రెండు దారులూ పోల్చుకోవచ్చు.

1. స్టేజింగ్‌ను ఇన్‌స్టాల్ చేయండి.
2. గేముకు ఒక ఫోల్డర్ పెట్టండి. దాని లోపల డ్రైవ్స్ అని ఒక ఫోల్డర్, అందులో సి అని ఇంకొకటి. ఈ పేర్లు ఇలాగే ఉండాలి. సి ఫోల్డర్‌ను స్టేజింగ్ తనంతట తానే సి డ్రైవ్‌గా ఎక్కిస్తుంది.
3. గేమ్ ఫైళ్లున్న ఫోల్డర్‌ను, ఎక్స్‌కామ్ అనే పేరుతో, ఆ సి లోపల పెట్టండి.
4. సీడీ ఇమేజ్ ఉంటే పై ఫోల్డర్‌లోనే సీడీ అని ఇంకో ఫోల్డర్ చేసి అందులో ఉంచండి.
5. పై ఫోల్డర్‌లోనే డాస్‌బాక్స్ డాట్ కాన్ఫ్ అనే ఖాళీ టెక్స్ట్ ఫైల్ చేయండి. విండోస్ చివర డాట్ టీఎక్స్‌టీ తగిలించకుండా చూసుకోండి.
6. స్టేజింగ్ షార్ట్‌కట్‌ను కాపీ చేసి, ప్రాపర్టీస్‌లో స్టార్ట్ ఇన్ దగ్గర ఈ ఫోల్డర్ దారి ఇవ్వండి. ఇక ఈ షార్ట్‌కట్‌తో తెరిస్తే ఈ గేముకు ఈ సెట్టింగులే వర్తిస్తాయి. ఇంకో గేమ్ సెట్టింగులు చెడవు.
7. తెరిచాక 'డీఐఆర్' కొట్టి ఎక్స్‌కామ్ ఫోల్డర్ కనిపిస్తోందో లేదో చూడండి. కనిపిస్తే 'సీడీ ఎక్స్‌కామ్' (ఇక్కడ సీడీ అంటే ఫోల్డర్‌లోకి వెళ్లే కమాండ్, డిస్కు కాదు), తర్వాత మళ్లీ 'డీఐఆర్'.
8. ముందు గేమ్ కాదు, సెటప్ ప్రోగ్రామ్ నడపండి. శబ్దం సంగతి అక్కడే తేలాలి. వివరం ఆరో అంచెలో ఉంది.
9. గేమ్ నడిచిందని రూఢి అయ్యాకే రోజూ కొట్టే కమాండ్లను కాన్ఫ్ ఫైల్‌లోని ఆటోఎగ్జెక్ విభాగంలో వరుసగా రాసుకోండి.

సీడీ ఇమేజ్ ఎక్కించే కమాండ్: 'ఐఎంజీమౌంట్ డి', ఖాళీ, క్యూ ఫైల్ దారి, ఖాళీ, '-టి ఐఎస్‌ఓ'. క్యూ-బిన్ అయినా చివర ఐఎస్‌ఓ అనే రాయాలి. అది సీడీ అని చెప్పే రకం పేరు మాత్రమే. ఇవ్వాల్సింది క్యూ ఫైల్ దారి, బిన్ దారి కాదు.

పాత డాస్‌బాక్స్ వాడేవాళ్లు 'మౌంట్ సి' తర్వాత గేముల ఫోల్డర్ దారి ఇవ్వాలి. కంప్యూటర్ సి డ్రైవ్ మొత్తాన్ని మాత్రం ఎక్కించకండి. పాత ఇన్‌స్టాలర్ పొరపాటున తుడిచేసేది మీ అసలు ఫైళ్లనే. డాస్‌బాక్స్ కూడా ఇదే హెచ్చరిక చూపిస్తుంది, చాలామంది చదవకుండా దాటేస్తారు.

## 5. వేగం సరిచేయడం

అన్నింటికంటే ఎక్కువ ఓపిక అడిగేది ఇదే. స్ట్రాటజీ గేముల్లో దీని ప్రభావం మిగతా గేములకంటే వింతగా ఉంటుంది. వంతులవారీగా సాగే గేముకు వేగంతో పనేముంది అనుకుంటాం. కానీ చాలా గేముల్లో మ్యాప్ జరిగే వేగం ప్రాసెసర్ వేగానికి ముడిపడి ఉంటుంది. మౌస్ అంచుకు తగిలిందో లేదో, మ్యాప్ అవతలి కొసకు పోయి ఆగుతుంది.

డాస్‌బాక్స్ వేగాన్ని సైకిళ్లలో కొలుస్తుంది. పాత యంత్రాలతో పోలిస్తే సుమారుగా ఇలా:

- 386, 33 మెగాహెర్ట్జ్: 6000
- 486, 33 మెగాహెర్ట్జ్: 12000
- 486, 66 మెగాహెర్ట్జ్: 25000
- పెంటియం, 90 నుంచి 100 మెగాహెర్ట్జ్: 50000 నుంచి 60000 దాకా

గేమ్ పెట్టె మీదో మాన్యువల్‌లోనో "సిఫార్సు చేసిన ప్రాసెసర్" అని ఉంటుంది. దానికి ఎదురుగా ఉన్న అంకెతో మొదలుపెట్టండి. 1991–92 గేములకు 6000, 1994 వాటికి 12000 నుంచి 25000, 1995 తర్వాతి వాటికి, ముఖ్యంగా 640×480 స్క్రీన్ వాడే వార్‌క్రాఫ్ట్ 2 లాంటివాటికి, ఇంకా పైన.

తర్వాత సేవ్ చేసిన గేమ్ ఒకటి తెరిచి, బాగా నిండిన మ్యాప్ మీద పరీక్షించండి. ఖాళీ మ్యాప్ మీద ఏ అంకె పెట్టినా బాగానే ఉంటుంది. కంట్రోల్-ఎఫ్11 కొడితే సైకిళ్లు తగ్గుతాయి, కంట్రోల్-ఎఫ్12 కొడితే పెరుగుతాయి. ప్రస్తుత అంకె విండో పైపట్టీలో కనిపిస్తుంది. సరిపోయిందనిపించిన అంకెను కాన్ఫ్ ఫైల్‌లో రాసేయండి.

రాసే చోట ఒక చిక్కుంది. పాత డాస్‌బాక్స్‌లో సీపీయూ విభాగం కింద 'సైకిల్స్=ఫిక్స్‌డ్ 12000' అని రాస్తే సరి. స్టేజింగ్ 0.82 నుంచి ఇది రెండుగా చీలింది. 'సీపీయూ_సైకిల్స్' మామూలు రియల్ మోడ్ గేములకు, 'సీపీయూ_సైకిల్స్_ప్రొటెక్టెడ్' ప్రొటెక్టెడ్ మోడ్ గేములకు. డాస్4జీడబ్ల్యూ ఫైల్ ఉన్న గేమ్ రెండో రకం. మొదటి అంకె ఎంత మార్చినా దాని మీద ప్రభావం లేకపోతే కారణం ఇదే.

సైకిళ్లను 'మ్యాక్స్' పెట్టేయమని చాలాచోట్ల సలహా కనిపిస్తుంది. స్ట్రాటజీ గేములకు అది పనికిరాదు. మ్యాప్ పరుగెడుతుంది, మీ కంప్యూటర్ అందుకోలేని క్షణంలో శబ్దం చిట్లుతుంది. శబ్దం చిట్లితే అంకె పెంచడం కాదు, తగ్గించి చూడాలి.

## 6. శబ్దం, సంగీతం

గేమ్ సెటప్‌లో కార్డును "ఆటో డిటెక్ట్" చేయనివ్వకండి. మీరే చెప్పండి:

- కార్డ్: సౌండ్ బ్లాస్టర్ 16. జాబితాలో లేకపోతే సౌండ్ బ్లాస్టర్ ప్రో, అదీ లేకపోతే సౌండ్ బ్లాస్టర్
- పోర్ట్: 220
- ఐఆర్‌క్యూ: 7
- డీఎంఏ: 1, హై డీఎంఏ అడిగితే 5

చాలా గేములు ఐఆర్‌క్యూ 5 అని అనుకుంటాయి, డాస్‌బాక్స్ ఇచ్చేది 7. ఒక్క మాట "మ..." అని ఆగిపోవడమో, ఒకే ముక్క మళ్లీ మళ్లీ మోగడమో జరిగితే ముందు చూడాల్సింది ఈ అంకే.

సంగీతాన్ని సెటప్‌లో విడిగా అడిగితే జనరల్ మిడి ఎంచుకుని పోర్ట్ 330 ఇవ్వండి. స్టేజింగ్‌లో మిడి పరికరాన్ని ఫ్లూయిడ్‌సింత్‌గా పెట్టి, ఒక సౌండ్‌ఫాంట్‌ను (వాయిద్యాల ధ్వనులున్న ఫైల్‌ను) దాని సౌండ్‌ఫాంట్స్ ఫోల్డర్‌లో వేస్తే చాలు. రోలాండ్ ఎంటీ-32 అనే పాత సంగీత పరికరం కోసం రాసిన సంగీతాన్ని జనరల్ మిడిలో వింటే వాయిద్యాలు తారుమారవుతాయి, వేణువు రావాల్సిన చోట ఇంకేదో మోగుతుంది. ఎంటీ-32ను అనుకరించే భాగం స్టేజింగ్‌లోనే ఉంది కానీ, అసలు పరికరపు రోమ్ ఫైళ్లు మీరే సమకూర్చుకోవాలి. అవి లేకపోతే అడ్‌లిబ్ అనే పాత సౌండ్ కార్డును ఎంచుకోండి. తారుమారైన వాద్యాల కంటే ఆ పాత కార్డు గరగరే నయం.

## 7. స్క్రీన్, మౌస్

డాస్ గేముల 320×200 బొమ్మ అప్పటి 4:3 మానిటర్ నిండా పరుచుకునేది. అంటే ఒక్కో పిక్సెల్ వెడల్పు కంటే పొడవు కాస్త ఎక్కువ. ఇప్పటి స్క్రీన్ మీద పిక్సెల్‌ను చతురస్రంగా చూపిస్తే సైనికులు పొట్టిగా, గుండ్రని గ్రహాలు కోడిగుడ్లలా కనిపిస్తాయి. స్టేజింగ్ దీన్ని తనంతట తానే దిద్దుతుంది. పాత డాస్‌బాక్స్‌లో 'యాస్పెక్ట్=ట్రూ' రాయాలి.

పక్కల నల్లపట్టీలు వస్తున్నాయని స్క్రీన్ నిండా సాగదీయకండి. ఆ పట్టీలు ఉండాల్సినవే.

ఆల్ట్-ఎంటర్ ఫుల్‌స్క్రీన్‌కు, కంట్రోల్-ఎఫ్10 మౌస్‌ను పట్టడానికీ వదలడానికీ. మ్యాప్ అంచుకు మౌస్ తీసుకెళ్లినా జరగట్లేదంటే మౌస్ విండోలో చిక్కుకోలేదన్నమాట. కంట్రోల్-ఎఫ్9 కొడితే ఎమ్యులేటర్ అడగకుండానే మూసుకుపోతుంది, దాని పక్క మీటలు వాడేటప్పుడు జాగ్రత్త.

## 8. విండోస్ 95–98 గేములు

ముందు గేమ్ ఇన్‌స్టాల్ కావాలి. గేమ్ 32-బిట్‌దే అయినా దాని ఇన్‌స్టాలర్ 16-బిట్‌ది కావడం అప్పట్లో మామూలే. 64-బిట్ విండోస్ 16-బిట్ ప్రోగ్రాములను నడపదు, విండోస్ 11కు 32-బిట్ రూపమే లేదు. వైన్‌వీడీఎం అనే ఉచిత పనిముట్టు ఇలాంటి ఇన్‌స్టాలర్లను చాలావరకు నడుపుతుంది.

రెండో అడ్డంకి డిస్క్ రక్షణ. సేఫ్‌డిస్క్ వాడిన సీడీలు విండోస్ 10, 11లో చెల్లవు, ఆ డ్రైవర్‌ను భద్రతా కారణాలతో మైక్రోసాఫ్ట్ తీసేసింది. క్రాకుల కోసం వెతకడం కంటే ఆ గేమ్ మళ్లీ అమ్మకానికి వచ్చిందేమో చూడటం మంచిది. ఆ కాపీల్లో రక్షణ తీసేసి ఉంటుంది.

ఇన్‌స్టాల్ అయ్యాక వరుస ఇది:

1. గేమ్ డైరెక్ట్‌ప్లే (నెట్‌వర్క్ ఆటకు వాడే పాత విండోస్ భాగం) అడిగితే కంట్రోల్ ప్యానెల్‌లో విండోస్ ఫీచర్లు తెరిచి, లెగసీ కాంపోనెంట్స్ కింద దాన్ని టిక్ చేయండి.
2. ఏ రాపర్ లేకుండా ఒకసారి నడపండి. బాగుంటే ఇక ఏమీ ముట్టుకోవద్దు.
3. రంగులు ఊదా, పచ్చలుగా చెదిరితే, లేదా నల్ల స్క్రీన్ వస్తే సీఎన్‌సీ-డీడ్రా ఫైళ్లను గేమ్ ఈఎక్స్ఈ పక్కనే పెట్టండి. 256 రంగుల 2డీ గేములకు ఇదే సరైన మందు. విండో సైజు, నిష్పత్తి దాని కాన్ఫిగ్ ప్రోగ్రామ్‌లో మార్చుకోవచ్చు.
4. 3డీ గేమ్, లేదా గ్లైడ్ (పాత వూడూ గ్రాఫిక్స్ కార్డుల పద్ధతి) వాడే గేమ్ అయితే డీజీవూడూ2. రెండు రాపర్లనూ ఒకే ఫోల్డర్‌లో పెట్టకండి, రెండింటిలోనూ డీడ్రా డాట్ డీఎల్ఎల్ ఉంటుంది.
5. లినక్స్‌లో విండోస్ ప్రోగ్రాములు నడిపే వైన్ వాడితే ఫైల్ పక్కన పెట్టడం సరిపోదు. వైన్‌సీఎఫ్‌జీలో లైబ్రరీస్ ట్యాబ్ తెరిచి డీడ్రాను "నేటివ్, తర్వాత బిల్టిన్" అని మార్చాలి. లేకపోతే వైన్ తన సొంత డీడ్రానే వాడుకుంటుంది, మీరు పెట్టింది ఊరికే పడి ఉంటుంది.

ఇవేవీ కుదరకపోతే డాస్‌బాక్స్-ఎక్స్‌లో గానీ 86బాక్స్‌లో గానీ విండోస్ 98 ఎక్కించాలి. విండోస్ లైసెన్స్ మీకుండాలి. 86బాక్స్ యంత్రాన్ని చాలా నిక్కచ్చిగా అనుకరిస్తుంది కాబట్టి పెంటియం స్థాయికి కూడా మీ కంప్యూటర్‌కు గట్టి ప్రాసెసర్ కావాలి. ఒక్క గేము కోసమైతే ఇంత శ్రమ నేను సిఫార్సు చేయను.

## 9. కొత్త ఇంజన్ల దారి

అదే ఎక్స్-కామ్‌కు ఓపెన్‌ఎక్స్‌కామ్ వాడితే నాలుగు నుంచి ఏడు దాకా ఉన్న అంచెలన్నీ అక్కర్లేదు. అసలు గేమ్ ఫోల్డర్‌లో జియోడేటా, జియోగ్రాఫ్, మ్యాప్స్, రూట్స్, సౌండ్, టెర్రెయిన్, యూఎఫ్ఓగ్రాఫ్, యూఎఫ్ఓఇంట్రో, యూనిట్స్ అనే ఫోల్డర్లు ఉంటాయి. వీటిని ఓపెన్‌ఎక్స్‌కామ్‌లోని యూఎఫ్ఓ ఫోల్డర్‌లో పెట్టండి. వాటిని ఇంకో ఫోల్డర్‌లో చుట్టి పెట్టడమే ఇక్కడ జరిగే పొరపాటు: యూఎఫ్ఓ తెరవగానే నేరుగా జియోడేటా కనబడాలి. ఓపెన్‌ఎక్స్‌కామ్ వాళ్లిచ్చే డేటా ప్యాచ్ కూడా పైన వేసేయండి, అసలు మ్యాపుల్లోని తప్పులు పోతాయి.

మారేది సౌకర్యం ఒక్కటే కాదు. డాస్ వెర్షన్‌లో ఒక ప్రసిద్ధ బగ్ ఉంది. మీరు ఏ కష్టస్థాయి ఎంచుకున్నా, సేవ్ చేసి మళ్లీ తెరిస్తే అది బిగినర్‌కు పడిపోతుంది. ఓపెన్‌ఎక్స్‌కామ్‌లో ఆ బగ్ లేదు. కాబట్టి "అప్పట్లో కష్టస్థాయిలో ఇట్టే గెలిచేవాణ్ని" అనుకునేవాళ్లు మొదట ఒక మెట్టు కింద నుంచి మొదలుపెట్టడం మేలు.

మిగతావి క్లుప్తంగా:

- హీరోస్ ఆఫ్ మైట్ అండ్ మ్యాజిక్ 3, అంటే హీరోస్ 3 (1999): వీసీఎంఐ. ఆ గేము షాడో ఆఫ్ డెత్ లేదా కంప్లీట్ ఎడిషన్ ఫైళ్లు కావాలి. 2015 హెచ్‌డీ ఎడిషన్ ఫైళ్లు పనికిరావు. కొనేముందే చూసుకోండి.
- హీరోస్ 2 (1996): ఎఫ్‌హీరోస్2. గేమ్ కొనే ముందు డెమో ఫైళ్లతోనూ నడిపి చూడొచ్చు.
- సీజర్ 3 (1998): జూలియస్ అసలు గేమును ఉన్నదున్నట్టు నడుపుతుంది. అగస్టస్ రోడ్‌బ్లాకుల్లాంటి కొత్త సదుపాయాలు కలుపుతుంది. అగస్టస్‌లో చేసిన సేవ్ మళ్లీ అసలు గేములో తెరుచుకోదు.
- మాస్టర్ ఆఫ్ ఓరియన్ (1993): 1ఊమ్. 1.3 వెర్షన్ డేటా ఉండాలి.
- ట్రాన్స్‌పోర్ట్ టైకూన్: ఓపెన్‌టీటీడీ. దీనికి సొంత ఉచిత బొమ్మలున్నాయి, అసలు గేమ్ లేకపోయినా ఆడొచ్చు.
- కమాండ్ అండ్ కాంకర్, రెడ్ అలర్ట్: ఓపెన్‌ఆర్‌ఏ మొదటిసారి తెరవగానే కావాల్సిన ఫైళ్లు తనే దించుకుంటుంది. కానీ యూనిట్ల బలాబలాలు మార్చారు, ఇది అచ్చంగా పాత గేమ్ కాదు. పాత నడకే కావాలంటే వెనిల్లా కాంకర్. ఎలక్ట్రానిక్ ఆర్ట్స్ 2020లో విడుదల చేసిన సోర్స్ కోడ్ మీదే అది నిలబడింది.

## 10. సేవ్ ఫైళ్లు, నెట్‌వర్క్ ఆట

గేమ్ సొంత సేవ్‌నే నమ్ముకోండి. డాస్‌బాక్స్-ఎక్స్‌లో సేవ్ స్టేట్ (ఆ క్షణపు యంత్రం స్థితినంతా దాచేది) ఉంది, కానీ ఎమ్యులేటర్ వెర్షన్ మారితే అది తెరుచుకుంటుందన్న భరోసా లేదు. ఎక్స్-కామ్ అయితే గేమ్_1, గేమ్_2 అనే ఫోల్డర్లలో దాచుకుంటుంది. వాటిని కాపీ చేసుకుంటే చాలు. ఓపెన్‌ఎక్స్‌కామ్ ఆ పాత సేవ్‌లను దిగుమతి కూడా చేసుకోగలదు.

మిత్రులతో ఆడాలంటే డాస్ గేములకు ఐపీఎక్స్ అనే పాత నెట్‌వర్క్ పద్ధతి ఉంది. కాన్ఫ్‌లో 'ఐపీఎక్స్=ట్రూ' పెట్టాక ఒకరు 'ఐపీఎక్స్‌నెట్ స్టార్ట్‌సర్వర్', మిగతావాళ్లు 'ఐపీఎక్స్‌నెట్ కనెక్ట్' కొట్టి ఆతిథేయి ఐపీ చిరునామా ఇవ్వాలి. మామూలుగా వాడే పోర్ట్ యూడీపీ 213. లినక్స్‌లో 1024 కంటే చిన్న పోర్టులకు అడ్మిన్ అనుమతి అడుగుతుంది కాబట్టి 19900 లాంటి పెద్ద అంకె ఇద్దరూ ఒకేలా ఇచ్చుకోండి. సైకిళ్లు కూడా అందరికీ ఒకేలా ఉండాలి, లేకపోతే నిదానంగా ఉన్నవాళ్ల దగ్గర ఆట ఆగాగి నడుస్తుంది.

## 11. లోపం కనిపిస్తే ఎక్కడ చూడాలి

ఒకసారికి ఒక్క సెట్టింగే మార్చండి. మూడు కలిపి మార్చి గేమ్ నడిస్తే, ఏది పనిచేసిందో ఇక తెలియదు.

"సీడీ పెట్టండి" అంటోంది. ఇమేజ్ ఎక్కిందో లేదో 'డి:' కొట్టి చూడండి. ఎక్కినా అడుగుతుంటే, గేమ్ ఇన్‌స్టాల్ అయినప్పుడు సీడీ వేరే అక్షరం మీద ఉండి ఉంటుంది. అదే అక్షరం మీద ఎక్కించండి. క్యూ ఫైల్‌ను నోట్‌ప్యాడ్‌లో తెరిచి, అందులో రాసిన బిన్ పేరు, ఫోల్డర్‌లోని బిన్ పేరు ఒకటేనా చూడండి. ఫైల్ పేరు మార్చిన ప్రతిసారీ ఇక్కడా మార్చాలి.

రెండో సీడీ అడుగుతోంది. ఐఎంజీమౌంట్‌లో రెండు క్యూ ఫైళ్లనూ వరుసగా ఇచ్చి, అడిగినప్పుడు కంట్రోల్-ఎఫ్4 కొట్టండి.

లినక్స్‌లో ఇంజన్ ఫైళ్లు దొరకట్లేదంటోంది. ఫైల్ పేర్లలో ఇంగ్లిష్ పెద్ద, చిన్న (క్యాపిటల్, స్మాల్) అక్షరాల తేడా. పేర్లన్నీ ఒకే తీరుకు మార్చి చూడండి.

మౌస్‌తో ఒకేసారి బోలెడు యూనిట్లను ఎంచుకోలేకపోతున్నాం. 1992 నాటి డ్యూన్ 2 అయితే లోపమేమీ లేదు, ఆ గేములో ఒక్కో యూనిట్‌నే ఎంచుకోవాలి. అది భరించలేనివాళ్లకు డ్యూన్ లెగసీ అనే ఇంజన్ ఉంది, దానికి అసలు గేములోని డాట్ పాక్ ఫైళ్లు కావాలి.

యాంటీవైరస్ రాపర్ ఫైల్‌ను పట్టేసింది. డీడ్రా డాట్ డీఎల్ఎల్ లాంటి పేర్ల మీద తప్పుడు హెచ్చరికలు వస్తుంటాయి. ప్రాజెక్టు సొంత పేజీ నుంచి దించిందైతే ఆ ఒక్క ఫోల్డర్‌కు మినహాయింపు ఇవ్వండి. ఇంకెక్కడినుంచో దించిందైతే మినహాయింపు ఇవ్వకుండా చెరిపేసి, అసలు చోటు నుంచి మళ్లీ దించుకోండి.

నిన్నటిదాకా నడిచింది, ఈరోజు నడవట్లేదు. ఎమ్యులేటర్ అప్‌డేట్ అయిందేమో చూడండి. కొన్ని సెట్టింగుల పేర్లు వెర్షన్‌తో మారతాయి. స్టేజింగ్ తెరిచినప్పుడు వచ్చే లాగ్ విండోలో ఏ సెట్టింగ్ చెల్లలేదో రాసి ఉంటుంది. అదీ కాకపోతే ముట్టకుండా దాచిన కాపీ నుంచి గేమ్ ఫైళ్లు మళ్లీ తెచ్చుకుని, సేవ్‌లు మాత్రం పాతవి పెట్టి నడపండి.